మ్యాప్ ఉన్న ఫ్లెక్సీ

2011 సెప్టెంబర్ 26, సోమవారం ఉదయం ఆరున్నరకు ఎల్బీ నగర్ చౌరస్తాలో, రెండు స్తంభాల మధ్య ఒక ఫ్లెక్సీ కట్టి ఉంది. ముందు రోజు సాయంత్రం అది అక్కడ లేదు. దాని మీద ఉన్న ఫొటో సింధూరది. ఆమెను ఎవరూ అడగలేదు.

ఫ్లెక్సీలో పైన ఎడమ వైపు తెలంగాణ మ్యాప్, దాని పక్కన 'జై తెలంగాణ' అన్న అక్షరాలు. మధ్యలో సింధూర ముఖం. ముఖం వెనక మంచు కొండలు. కింద రెండు వరుసలు: 'ఈ రోజు కాదంటావు. రేపు నువ్వే వస్తావు. నీ హరి.' అడుగున ఒక యువసేన పేరు.

దాన్ని ఇంట్లో వాళ్లలో మొదట చూసింది సింధూర తండ్రి వెంకట్రావు. పాల ప్యాకెట్ల కోసం చౌరస్తా దాకా వెళ్లాడు. ఫ్లెక్సీ కింద కొంతసేపు నిలబడ్డాడు. రోడ్డుకు అవతల, ప్రత్యేక తెలంగాణ కోసం సాగుతున్న సకల జనుల సమ్మె శిబిరం ఉంది. టెంటులో ఇద్దరు టీ తాగుతూ ఇటే చూస్తున్నారు. వెంకట్రావు తాడు ముట్టుకోలేదు. పాలు కూడా తీసుకోకుండా ఇంటికి వచ్చాడు.

"పాలేవండీ?" అంది భార్య నాగేశ్వరి.

"సింధూని లేపు."

వెంకట్రావుది తెనాలి. విత్తనాల కంపెనీలో అకౌంట్స్ ఉద్యోగం మీద వచ్చి, పందొమ్మిదేళ్లుగా ఎల్బీ నగర్‌లో ఉంటున్నాడు. వాళ్ల వీధి చివర మెస్ నడిపే ఆయన ఆ నెల మొదట్లో బోర్డు మీద 'ఆంధ్రా భోజనం'లో మొదటి మాటకు తెల్ల రంగు వేయించాడు. వేయించమని ఆయనకు ఎవరూ చెప్పలేదు.

సింధూరకు ఇరవై ఒకటి. డిగ్రీ అయింది. దిల్‌సుఖ్‌నగర్‌లో బ్యాంకు పరీక్షలకు కోచింగ్ తీసుకుంటోంది. క్లర్కు పరీక్ష నవంబర్ 27న.

"ఎవడీ హరి?" అన్నాడు వెంకట్రావు.

"కొత్తపేటలో చేనేత చీరల షాపు ఉంది కదా, దశరథ గారిది. వాళ్లబ్బాయి హరిప్రసాద్. మే నెల్లో అమ్మా నేనూ చీరకి వెళ్లాం. అప్పట్నుంచి కోచింగ్ దగ్గరికి వస్తున్నాడు. ఆటో వెనకాల బండి మీద వస్తాడు."

"నువ్వేమన్నా అన్నావా వాడితో?"

"అన్నాను. వద్దన్నాను, రెండుసార్లు."

"మాకెందుకు చెప్పలేదు?"

"చెబితే కోచింగ్ మాన్పిస్తారని."

వెంకట్రావు తెనాలిలో ఉన్న బావమరిది శ్రీరామమూర్తికి ఫోన్ చేశాడు. ఆర్టీసీ బస్సులు ఆగి వారమైంది. కారు మాట్లాడుకుని రమ్మన్నాడు. బుధవారం రాత్రి బయల్దేరితే గురువారం తెల్లవారేసరికి వస్తానన్నాడు శ్రీరామమూర్తి.

"గురువారం నువ్వూ అమ్మా వెళ్తున్నారు," అన్నాడు వెంకట్రావు.

"పరీక్ష?"

"అక్కడ చదువుకో. మళ్లీ చూద్దాం."

మళ్లీ అంటే ఏమిటో ఇంట్లో ముగ్గురికీ తెలుసు. నాగేశ్వరి చెల్లెలు డిగ్రీ రెండో ఏడులో ఇలాగే 'మళ్లీ చూద్దాం' అని ఊరు వెళ్లింది. ఆ వేసవిలో పెళ్లయింది.

"ఫ్లెక్సీ దిగిపోతే?" అంది సింధూర.

"ఎవరు దింపుతారే? మునిసిపాలిటీ వాళ్లు సమ్మెలో ఉన్నారు. నేను చెయ్యి వేశాననుకో, తెలంగాణ మ్యాప్ చింపిన ఆంధ్రా వాడు అంటారు. మన ఇంటి ముందుకు వంద మంది వస్తారు. అందులో నీ మొహం ఉందని ఎవరూ చూడరు. మ్యాప్ ఉందనే చూస్తారు."

"గురువారం లోపు దిగిపోతే నేను ఉంటాను."

"దిగితే చూద్దాం," అన్నాడు వెంకట్రావు.

ఆ ఫొటో ఎక్కడిదో సింధూర చూడగానే గుర్తుపట్టింది. ఆగస్టులో బ్యాంకు దరఖాస్తు కోసం దిల్‌సుఖ్‌నగర్‌లోని ఒక స్టూడియోలో తీయించుకున్నది. ఆ రోజు వెనక నీలం తెర ఉంది. నవ్వొద్దని స్టూడియో అతను చెప్పాడు. ఆమె నవ్వలేదు. ఫ్లెక్సీ మీద మాత్రం నవ్వుతోంది. పెదవుల చివర్లు కంప్యూటర్‌లో పైకి జరిపారు.

తొమ్మిదింటికి ఆమె స్టూడియోకు వెళ్లి అడిగింది.

"హరి మా దోస్తు," అన్నాడు స్టూడియో అతను. "సర్‌ప్రైజ్ అన్నడు. నీకు ఎర్కే ఉంటదనుకున్న. బాగ రాలేదా?"

కోచింగ్‌లో పక్కన కూర్చునే అమల అప్పటికే ఫ్లెక్సీని చూసింది. ఆమెది వనస్థలిపురం. షేర్ ఆటోలో చౌరస్తా మీదుగానే వచ్చింది.

"తిట్టకు గానీ సింధూ, కొంచెం హీరోయిన్‌లా లేవూ?"

"తిడతాను."

"అయినా అంత పెద్ద ఫ్లెక్సీ అంటే మాటలా? మా బావ నా పుట్టినరోజుకి మెసేజ్ కూడా పెట్టలేదు."

"మీ బావకి దణ్ణం పెట్టుకో."

జూలైలో ఒక సినిమా వచ్చింది. హీరో హీరోయిన్ వెంట పడతాడు. ఆమె కాదంటుంది. అతను ఊరంతా ఆమె హోర్డింగులు పెట్టిస్తాడు. ఆమె నిచ్చెన వేయించి, వానలో తడుస్తూ ఒక హోర్డింగు తనే దింపుతుంది. అప్పుడు ఇంటర్వెల్. చివర్లో అతని బండెక్కుతుంది. సింధూర, అమల, కోచింగ్‌లోని మరో ఇద్దరు ఆ సినిమాను దిల్‌సుఖ్‌నగర్‌లో చూశారు. హోర్డింగుల సీన్‌కు బాల్కనీ అంతా చప్పట్లు కొట్టింది. సింధూర కూడా కొట్టింది.

హరిప్రసాద్ ఆ సినిమాను ఐదుసార్లు చూశాడు. ఆ హీరో అభిమాన సంఘంలో అతను సభ్యుడు. సమ్మె మొదలయ్యాక హీరోది ఆంధ్రా అని థియేటర్లో ఆ సినిమా ఆట ఆపించిన కుర్రాళ్లలో కూడా అతను ఉన్నాడు.

సోమవారం సాయంత్రం సింధూర శిబిరానికి వెళ్లింది. శిబిరం చూసుకునేది అంతయ్య, రిటైరైన టీచర్. ఆమె చెప్పింది మొత్తం విన్నాడు.

"నీ బాధ అర్థమైతుందమ్మా," అన్నాడు. "గని మ్యాప్ ఉన్నది. మ్యాప్ ఉన్నదాన్ని శిబిరమోళ్లే దించిన్రంటె మంచిగుండదు. జర సమ్మె అయిపోనియ్."

"సమ్మె ఎప్పుడవుతుందండీ?"

"గది ఢిల్లీలున్నోళ్లను అడుగు."

టెంటులో కూర్చున్నవాళ్లు నవ్వారు. వెనక నుంచి ఒకతను అన్నాడు: "సారూ, గీ పిల్లకు గా పోరనికి పెండ్లయితె మల్ల సమైక్యమే అయితది. మనం ఇన్నొద్దులు కూసున్నది దండుగ."

ఈసారి ఎక్కువ మంది నవ్వారు. అంతయ్య నవ్వలేదు. "నువ్వూకో రా" అని అతనితో అన్నాడు. ఫ్లెక్సీ సంగతి ఇంకేమీ అనలేదు.

మంగళవారం ఉదయం కోచింగ్ సెంటర్ సందు మొదట్లో హరిప్రసాద్ నిలబడి ఉన్నాడు. బండి మీద, పక్కన ఇద్దరు స్నేహితులు. సింధూర నేరుగా అతని దగ్గరికి వెళ్లింది. అలా వెళ్లడం అదే మొదటిసారి.

"చూసినవా?" అన్నాడు హరిప్రసాద్.

"దింపెయ్యి."

"గదే డైలాగ్," అన్నాడు పక్కనున్న స్నేహితుడు.

"ఇది డైలాగ్ కాదు. మా నాన్న నన్ను తెనాలి పంపించేస్తున్నారు. గురువారం కారు వస్తోంది."

"తెనాలికి ఒస్త. బస్సుల్లేకపోతె బండి మీద ఒస్త. రానా?"

"నేను వద్దంటున్నాను. నీకు వినపడుతోందా?"

"ఇనబడ్తుంది."

"మరి మ్యాప్ ఎందుకు పెట్టావు?"

"పెట్టకపోతె మీ నాయిన చింపడా? మ్యాప్ పెడితె ఎవ్వడు ముట్టడు." కొంచెం ఆగి అన్నాడు: "అయినా నువ్వు థియేటర్ల చప్పట్లు కొట్టలే? నేను మీ ఎనక లైన్లనే ఉన్న. నిన్ను జూసినంక గప్పుడే అనుకున్న, పెట్టాలె అని."

సింధూర లోపలికి వెళ్లింది. ఆ రోజు లెక్కల క్లాసులో ఒక్క లెక్కా చేయలేదని అమల తర్వాత చెప్పింది.

బుధవారం చౌరస్తాలో వంటావార్పు జరిగింది. ఆ రోజుల్లో అది నిరసనలో ఒక పద్ధతి. రోడ్డు మీద ఇటుకలు పేర్చి, పొయ్యిలు వెలిగించి, అక్కడే వండి అక్కడే తింటారు. విజయవాడ వెళ్లే లారీలు హయత్‌నగర్ దాకా నిలిచిపోయాయి. పదకొండింటికి నాలుగు పొయ్యిలు మండుతున్నాయి. అన్నం గుండిగ దగ్గర దశరథ భార్య రాధమ్మ ఉంది. కొంగు నడుముకు చుట్టి, రెండు చేతులతో గరిటె తిప్పుతోంది.

సింధూర ఆమెను షాపులో ఒకసారి చూసింది. పొగలోంచి నడిచి ఆమె పక్కన నిలబడింది.

"హరిప్రసాద్ వాళ్లమ్మగారు మీరే కదండీ?"

రాధమ్మ ఆమె ముఖం చూసింది. తల తిప్పి పైన ఫ్లెక్సీని చూసింది.

"నువ్వే గద బిడ్డా గది? కులం వేరు, ఊరు వేరు అని నేను కొట్లాడిన వానితోని. పిల్ల ఒప్పుకున్నదమ్మా, నువ్వేందే అన్నడు."

"నేను ఒప్పుకోలేదు ఆంటీ."

"మరి నవ్వుతున్నవ్ గద అండ్ల?"

సింధూర పర్సులోంచి ఫొటో తీసి ఇచ్చింది. దరఖాస్తుకు తీయించిన వాటిలో మిగిలింది. రాధమ్మ గరిటె పక్కామెకు ఇచ్చి, చెయ్యి కొంగుకు తుడుచుకుని ఫొటో పట్టుకుంది. ఫొటోనూ ఫ్లెక్సీనీ మార్చి మార్చి చూసింది.

"గీ చొక్కనే. గీ చెవి కమ్మలే," అంది. "నవ్వు లేదు."

"వాళ్లు పెట్టారు."

"నువ్వు వానికి ఒద్దని చెప్పినవా?"

"నిన్నటితో మూడోసారి. రేపు పొద్దున మా వాళ్లు నన్ను ఊరు తీసుకెళ్లిపోతున్నారు. అది దిగితే ఉండనిస్తామన్నారు. ఆ సినిమా నేనూ చూశాను ఆంటీ. చప్పట్లు కూడా కొట్టాను. అది నా గురించి కొట్టినట్టు అనుకున్నాడు మీ అబ్బాయి."

రాధమ్మ ఫొటో తిరిగి ఇచ్చింది. "అన్నం వార్చాలె," అంది పక్కామెతో. "కుప్ప పొయ్యనీకె బట్ట తెచ్చిన్రా?"

"చాపలు తెస్తమన్నరు, రాలే."

"అయితె గది దించున్రి. ఎనక తెల్లగుంటది."

ముగ్గురు ఆడవాళ్లు స్తంభాల దగ్గరికి నడిచారు. అంతయ్య టెంటులోంచి లేచి వచ్చాడు.

"అక్కా, దాని మీద మ్యాప్ ఉన్నది. కింద పరుస్తరా? రేపు ఎవడన్న ఫొటో తీస్తె?"

"కూరగాయల కత్తి తే," అంది రాధమ్మ.

ఒక వైపు తాళ్లు కోశారు. రెండో వైపు స్తంభం పక్కన వెంకట్రావు నిలబడి ఉన్నాడు. కూతురిని వెతుక్కుంటూ వచ్చాడు. ఆయన ఎవరో రాధమ్మకు తెలియదు.

"అన్నా, జర గా చివర పట్టు."

వెంకట్రావు చెయ్యి చాచలేదు. టెంటు వైపు చూశాడు.

"ముట్టుకో. ఏంగాదు," అంది రాధమ్మ.

ఆయన పట్టుకున్నాడు. ఫ్లెక్సీని రోడ్డు మీద పరిచాక రాధమ్మ వంగి, పైభాగాన్ని కత్తితో అడ్డంగా కోసింది. మ్యాప్, 'జై తెలంగాణ' ఉన్న ముక్క విడిపోయింది. దాన్ని అంతయ్య చేతిలో పెట్టింది.

"గిది నీది సారూ. కట్టుకో."

అంతయ్య ఆ ముక్కను టెంటు ముందు గుంజకు కట్టించాడు. మిగతాదాన్ని బోర్లా తిప్పి, బకెట్ నీళ్లు పోసి కడిగి, అన్నం కుప్ప పోశారు. మధ్యాహ్నం రెండు దాకా జనం తిన్నారు. వెంకట్రావు కూడా తిన్నాడు. తర్వాత ఫ్లెక్సీని ఇద్దరు ఆడవాళ్లు పొయ్యి నిప్పుల మీద వేశారు. వాసన కాలనీ దాకా వచ్చిందని నాగేశ్వరి చెప్పింది.

ఇంటికి వచ్చాక వెంకట్రావు శ్రీరామమూర్తికి ఫోన్ చేయలేదు. కారు రావొద్దని చెప్పమని సింధూర రెండుసార్లు అడిగింది. "చూద్దామన్నాను కదా, చూస్తున్నాను," అన్నాడు.

సాయంత్రం ఆరింటికి సింధూర ఫోన్‌కు మెసేజ్ వచ్చింది. తెలియని నంబరు. 'నువ్వే దింపినవంట. సినిమాల గూడ నువ్వే దింపుతవ్. ఇప్పుడు ఇంటర్వెల్. సెకండాఫ్ ల కలుద్దాం. నీ హరి.'

ఆమె దాన్ని తండ్రికి చూపించింది. చూపిస్తే గురువారం ప్రయాణం ఖాయమవుతుందని ఆమెకు తెలుసు. వెంకట్రావు చదివాడు.

"బట్టలు సర్దుకో," అన్నాడు.

"సర్దుకుంటాను. ముందు కొత్తపేట వెళ్దాం, నాన్నా. వాళ్లమ్మగారికి ఇది చూపిస్తాను. ఆ తర్వాత మీ ఇష్టం."

ఆటోలో వెళ్లారు. సమ్మె రోజులు కాబట్టి షాపు షట్టరు సగం దించి ఉంది. లోపల దశరథ, రాధమ్మ, హరిప్రసాద్ ముగ్గురూ ఉన్నారు. వెంకట్రావును చూసి రాధమ్మ గుర్తుపట్టింది.

"నువ్వా అన్నా? పొద్దుగాల చివర పట్టినవ్."

"నేను సింధూర నాన్నని అండీ."

సింధూర ఫోన్ ఇచ్చింది. రాధమ్మ మెసేజ్ చదివి దశరథకు ఇచ్చింది. దశరథ చదివాడు.

"పోరగాండ్లు, సార్. ఉడుకు రక్తం," అన్నాడు వెంకట్రావుతో. "మేం జెప్తం. కూసోన్రి, చాయ్ తాగున్రి."

"నువ్వూకో," అంది రాధమ్మ. కొడుకు వైపు తిరిగింది. "ఈ పిల్ల నీకు ఏమన్నది రా?"

హరిప్రసాద్ చీరల బీరువాకు ఆనుకుని నిలబడ్డాడు.

"ఏమన్నదో చెప్పు."

"ఒద్దన్నది."

"ఎన్నిమాట్ల?"

"మూడుమాట్ల."

"మరి నాకు ఒప్పుకున్నదని ఎందుకు చెప్పినవ్?"

"ఒద్దంటనే గదమ్మా మొదలయ్యేది," అన్నాడు హరిప్రసాద్. "అందరు ముందుగాల ఒద్దనే అంటరు."

రాధమ్మ చెయ్యి చాచింది. "ఫోన్ ఇయ్యి. బండి తాళం ఇయ్యి." హరిప్రసాద్ తండ్రిని చూశాడు. దశరథ చీరలు మడతపెట్టడం మొదలుపెట్టాడు. హరిప్రసాద్ రెండూ ఇచ్చాడు.

"రేపు పోచంపల్లి పోతున్నవ్. బాబాయి దగ్గర ఉండు. మగ్గం మీద కూసో."

"బస్సులు యాడియి?"

సింధూర అంది: "రేపు పొద్దున తెనాలి కారు వస్తోంది ఆంటీ. తిరిగి వెళ్లేటప్పుడు పోచంపల్లి మలుపు దాటే వెళ్తుంది."

వెంకట్రావు కూతురిని చూశాడు.

"ఎట్ల? ఆ కారు నీ కోసం గద?" అంది రాధమ్మ.

సింధూర తండ్రి వైపు తిరిగింది. వెంకట్రావు చేతిలోని గొడుగును ఈ చేతి నుంచి ఆ చేతికి మార్చుకున్నాడు.

"నాలుగు సీట్లున్నాయి," అన్నాడు. "మావాడు ఒక్కడే వెళ్తాడు."

గురువారం ఉదయం ఆరింటికి శ్రీరామమూర్తి వచ్చాడు. కాఫీ తాగాడు. మేనకోడలి బట్టల సంచీ ఏదని అడిగాడు. వెంకట్రావు విషయం చెప్పాడు.

"రాత్రంతా ప్రయాణం చేసి వచ్చింది వాణ్ని మోసుకెళ్లడానికా, బావా?"

"దారిలో దింపేసి వెళ్లు."

హరిప్రసాద్ వెనక సీట్లో, రాధమ్మ అతని పక్కన కూర్చున్నారు. పోచంపల్లి మలుపు దగ్గర దిగేదాకా ఆ కుర్రాడు ఒక్క మాట మాట్లాడలేదని, ఆవిడ మాత్రం సమ్మె గురించి తనతో వాదిస్తూనే ఉందని శ్రీరామమూర్తి ఫోన్‌లో చెప్పాడు.

అక్టోబర్‌లో బస్సులు తిరిగాయి, సమ్మె ముగిసింది. సింధూర కోచింగ్ మానలేదు. వెళ్లేటప్పుడూ వచ్చేటప్పుడూ నాగేశ్వరి ఆమెకు తోడుగా ఉండేది. చౌరస్తాలో కొత్త ఫ్లెక్సీ కనపడినప్పుడల్లా సింధూర ఆటోలోంచి తల బయట పెట్టి చూసేదని అమల చెప్పింది. దసరాకు ఆ హీరో కొత్త సినిమా వచ్చింది. అమల పిలిచినా ఆమె వెళ్లలేదు.

నవంబర్ రెండో వారంలో హరిప్రసాద్ పోచంపల్లి నుంచి తిరిగి వచ్చాడు. షాపులో కూర్చుంటున్నాడు. ఫోన్ ఇంకా రాధమ్మ దగ్గరే ఉంది. కొత్త ఫోన్ కొన్నాడో లేదో ఆమెకు తెలియదు.

నవంబర్ 27 ఆదివారం ఉదయం క్లర్కు పరీక్ష. సింధూరకు హయత్‌నగర్ దాటాక ఉన్న ఒక ఇంజనీరింగ్ కాలేజీ సెంటర్ పడింది. వెంకట్రావు, నాగేశ్వరి ఇద్దరూ వెంట వెళ్లారు. గేటు దగ్గర హరిప్రసాద్ కనపడలేదు. ఆ ఉదయం షాపులో కూడా లేడు. ఎక్కడున్నాడో రాధమ్మ చెప్పలేకపోయింది.

హాలులో ఇన్విజిలేటర్ బల్లల వరుస వెంట నడుస్తూ సింధూర దగ్గర ఆగింది. హాల్ టికెట్ మీది ఫొటో ఆగస్టులో తీయించినదే, నవ్వు లేనిది. ఇన్విజిలేటర్ ఫొటో చూసింది, సింధూర ముఖం చూసింది, సంతకం పెట్టి తర్వాతి బల్ల దగ్గరికి వెళ్లింది.